గొర్రెల దొడ్డిలో చాక్లెట్ బిళ్ళలు

నన్ను అడగకుండానే మా నాయిన మాట ఇచ్చేశాడు.

"ఈసారి బొచ్చు కత్తిరించేనాడు మా ఇంట్ల బువ్వ, తునకల కూరతోనే సరిపెట్ట. నా బిడ్డ దవాఖానల నేర్చుకున్న చాక్లెట్ బిళ్ళలు గూడ పెడత. గసొంటివి కోస్గి అంగట్ల గూడ దొరకయి" అని కులపోళ్ళందరి ముందూ చెప్పి వచ్చాడట. నేను సెలవు మీద వచ్చి, బస్సు దిగి, చేన్ల గట్ల మీదుగా నడిచి ఇల్లు చేరేసరికి ఊళ్ళో ఆ సంగతి తెలియనిది నాకొక్కదానికే. కాళ్ళకు నీళ్ళిస్తూ అమ్మ నవ్వింది.

"మీ నాయిన నోరు ఊకుంటదా? నువ్వు వస్తున్నవని తెలువంగనే ఊరంత డప్పు గొట్టిండు. ఇగ నువ్వే సూసుకో."

ఇవి అరవైల మొదట్లో జరిగిన సంగతులు. మాది కోస్గి దిక్కున ఒక చిన్న ఊరు. కురుమలం. నల్ల గొర్రెలు మేపుతాం, వాటి ఉన్నితో గొంగళ్ళు నేస్తాం. ఏడాదికి రెండుసార్లు గొర్రెల బొచ్చు కత్తిరించాలి. అది ఒక్క ఇంటివాళ్ళతో అయ్యే పని కాదు. ఈ రోజు నా మందకు నువ్వొస్తే రేపు నీ మందకు నేనొస్తాను. ఎవరి మంద కత్తిరిస్తే ఆ ఇంటివాళ్ళు అందరికీ కడుపునిండా పెట్టాలి. ఆ పెట్టడంలోనే ఇంటి పరువంతా ఉండేది. ఆ పరువును నాయిన తెచ్చి నా చేతిలో పెట్టాడు.

నాకు కోపం రాలేదు. భయం వేసింది. భయం వెనకాలే సంతోషమూ వచ్చింది. నా పేరు చెప్పుకుని నాయిన నలుగురిలో గొప్పలు పోవడం అదే మొదటిసారి. అంతకుముందు నా మాట ఎత్తితే చాలు, ఆయన లేచి గొర్రెల దగ్గరికి వెళ్ళిపోయేవాడు.

నేను అప్పటికి పాలమూరు మిషన్ దవాఖానలో నర్సు పని నేర్చుకున్నాను. నన్ను అక్కడికి చేర్చింది నాయిన కాలే. మంద వెంట తిరుగుతుంటే అరికాల్లో తుమ్మముల్లు దిగి, విరిగి, లోపలే ఉండిపోయింది. పసరు పోశారు, వాత పెట్టారు. కాలు మోకాలి దాకా వాచి, నల్లబడడం మొదలైంది. చివరికి ఎడ్లబండిలో పడుకోబెట్టి రోడ్డు దాకా, అక్కడి నుంచి బస్సులో పాలమూరు తీసుకుపోయాం. గొర్రెలను విడిచి అమ్మ రాలేదు కనుక ఆయన దగ్గర నేనే ఉండిపోయాను. కాలు తీసెయ్యవలసి వస్తుందేమో అన్నారు మొదట. తియ్యలేదు.

ఆ దవాఖానకు పెద్ద డాక్టరు ఒక విదేశీ ఆవిడ. పొడుగు మనిషి. ఎండకు ఎర్రబడిన ముఖం, పెద్ద పెద్ద అడుగులు. ఆమె తెలుగు నేర్చుకుంది పుస్తకాల్లో కాదు, రోగుల మంచాల దగ్గర. అందుకే "ఎట్లున్నది? జర లేవు. బువ్వ తిన్నవా?" అని అచ్చం మాలాగే మాట్లాడేది. కోస్తా వైపు నుంచి వచ్చిన ఒక నర్సు నా మాటలు విని పకపకా నవ్వితే, "నాది గూడ గదే తెలుగు. నన్ను చూసి గూడ నవ్వు మల్ల" అంది డాక్టరమ్మ. ఆ నర్సు ఇంకెప్పుడూ నవ్వలేదు. తర్వాత్తర్వాత నాకు మంచి స్నేహితురాలైంది కూడా.

రోజూ నాయిన కట్టు మార్చడం చూసి చూసి, ఒకనాడు నర్సు రావడం ఆలస్యమైతే నేనే నీళ్ళు కాచి, చేతులు తోముకుని, కట్టు విప్పాను. పుండు కడిగి, వాళ్ళు కట్టినట్టే కొత్త గుడ్డ కట్టాను. తల ఎత్తితే గుమ్మంలో డాక్టరమ్మ. తిడుతుందనుకున్నాను.

"సదువుకున్నవా?" అని అడిగింది.

"ఎనిమిది దాంక సదివిన." కోస్గిలో మా చిన్నమ్మ ఇంట్లో ఉండి అంతవరకు చదివాను.

"ఈ పని నేర్చుకుంటవా?"

నేను నాయిన వైపు చూశాను. ఆయన మంచం మీద పడుకునే ఉన్నాడు. నన్ను చూడలేదు, డాక్టరమ్మను చూశాడు.

"నేర్చుకుంటది" అన్నాడు.

ఆ ఒక్క మాట అన్నందుకు ఆయన చాలా పడ్డాడు. కులపెద్ద మా ఇంటికి వచ్చి మంచం మీద కూర్చుని, "పెండ్లీడు పిల్లను దొరసానికి అప్పజెప్పి వచ్చినవ్. రేపు వాళ్ళ మతంల కలుపుకుంటె మనోళ్ళల్ల ఎవడు చేసుకుంటడు?" అని అడిగాడు. కల్లు దుకాణం దగ్గర ఇంకా మోటు మాటలు అన్నారని విన్నాను. ఇంట్లో మా అవ్వ, అంటే నాయిన తల్లి, బాహాటంగా ఏమీ అనలేదు గాని ఆమెకూ ఇష్టం లేదు. కాన్పుల రక్తం ముట్టే పని, పీనుగులను కడిగే పని ఆడపిల్లకు ఏమిటని ఆమె బాధ. మొదటిసారి నేను సెలవుకు వచ్చినప్పుడు చెంబుతో నీళ్ళు తెచ్చి ఇస్తే ఆమె అందుకోలేదు. మెల్లగా లేచి, గోడ పట్టుకుని, కుండ దగ్గరికి తానే నడిచింది.

"నాకు చేతనైతాంది తియ్" అంది.

ఆమె గొంతులో కోపం లేదు. అయినా ఆ మాట నాకు చాలా రోజులు గుచ్చుకుంటూనే ఉంది.

ఇక బిళ్ళల సంగతి. ఆదివారం మధ్యాహ్నం డాక్టరమ్మ తన ఇంటి వంటగదిలో ఉండేది. వారమంతా ఆపరేషన్లు చేసిన చెయ్యి ఆ ఒక్క పూట గరిటె పట్టేది. ఆమెకు వాళ్ళ దేశం నుంచి ఓడలో సామాను పెట్టెలు వచ్చేవి. వాటిలో ఓట్స్ డబ్బాలు, మైనపు కాగితంలో చుట్టిన చాక్లెట్ దిమ్మలు ఉండేవి. ఓట్స్‌ను మొదటిసారి చూసినప్పుడు నేను తవుడనుకున్నాను. చేతిలోకి తీసుకుంటే పలచటి రేకుల్లా ఉన్నాయి, వాసన కూడా పెద్దగా లేదు.

"ఇది మా దిక్కు జొన్న అనుకో" అంది డాక్టరమ్మ. "బీదోళ్ళు తింటరు, గుర్రాలు తింటయి, మా నాయిన గూడ గిదే తింటుండె."

వాళ్ళ నాయినకు కూడా గొర్రెలు ఉండేవని ఆ రోజే నాకు తెలిసింది. తెల్ల గొర్రెలట. చలికాలం మంచులో తప్పిపోయిన గొర్రెపిల్లను పొయ్యి పక్కన పెట్టి కాపాడిన సంగతి చెప్పింది. మేమూ అదే చేస్తామని చెప్పాను. ఆ తర్వాత ఆమె అంటే నాకు భయం పోయింది.

ఆమె వెన్న, బెల్లం కలిపి కరిగించేది. వాళ్ళ దేశంలో అయితే ఏదో మట్టిరంగు చక్కెర వేస్తారట. ఇక్కడికి వచ్చాక బెల్లమే బాగుందని దానికే అలవాటు పడింది. అందులో ఓట్స్, కొంచెం గోధుమపిండి, చిటికెడు ఉప్పు, దంచిన యాలకులు వేసి కలిపి, అంచులున్న రేకు పళ్ళెంలో పోసి అరచేత్తో గట్టిగా అదిమేది. దాన్ని ఓవెన్‌లో పెట్టేది. అది ఇనుప పెట్టెలా ఉండేది, కింద కట్టెల మంట. తలుపు మూసి, ముక్కాలిపీట వేసుకుని కూర్చునేది. గడియారం చూసేది కాదు. "ముక్కు చెప్తది" అనేది. మొదట వెన్న వాసన వచ్చేది. తర్వాత బెల్లం వాసన. ఆ తర్వాత రెండూ కలిసి, వేయించిన గింజల కమ్మదనం లాంటిది ఇంకొకటి లేచేది. అది రాగానే తీసెయ్యాలి. ఆ వేడి పళ్ళెం మీద చాక్లెట్ ముక్కలు విరిచి పరిస్తే వాటంతటవే మెత్తబడేవి. గరిటె వెనక వైపుతో నున్నగా పూసి, ఆరాక బిళ్ళలుగా కోసేది.

మొదటి బిళ్ళ తిన్నప్పుడు పైన చేదు తగిలి ముఖం చిట్లించాను. తర్వాత అది నాలుక మీద కరిగింది, కింద నుంచి కరకరలాడే బెల్లం తీపి వచ్చి దానితో కలిసింది. ఇది తీపి వస్తువా చేదు వస్తువా తేల్చుకోవడానికి ఇంకొకటి తినవలసి వచ్చింది. డాక్టరమ్మ పడీ పడీ నవ్వింది. ఆ తర్వాత ప్రతి ఆదివారం నాకు తీరిక దొరికితే ఆ వంటగదికే వెళ్ళేదాన్ని. కొన్నాళ్ళకు ఆమె పీట మీద కూర్చుని పుస్తకం చదువుకుంటుంటే నేనే చేసేదాన్ని.

నన్ను చూడడానికి వచ్చినప్పుడు నాయిన ఆ బిళ్ళ తిన్నాడు. సగం తిని, మిగతా సగం అమ్మ కోసం తువ్వాలు కొసకు ముడి వేసుకున్నాడు. అది ఎండకాలం. ఊరు చేరేసరికి చాక్లెట్ అంతా తువ్వాలుకు పట్టేసింది. ఆ మరక ఉతకడానికి పడ్డ తిప్పలు అమ్మ ఎన్నోసార్లు చెప్పింది గాని రుచి సంగతి చెప్పలేదు. రుచి చూసేంత మిగలలేదట. అయినా నాయిన మాత్రం ఆ బిళ్ళను మరచిపోలేదు. నా బిడ్డ చేసింది అనుకుని తిన్న మొదటి వస్తువు అదే మరి.

చదువు పూర్తయి పరీక్ష గట్టెక్కిన రోజున డాక్టరమ్మ నన్ను పిలిచి, ఒక ఓట్స్ డబ్బా, ఒక చాక్లెట్ దిమ్మ నా చేతిలో పెట్టింది. "ఇంటికి పట్కపో. మీ అమ్మకు చేసి పెట్టు" అంది. అక్కడే పనిలో చేరేలోపు దొరికిన సెలవుకు అవి తీసుకునే నేను ఊరికి వచ్చాను. అమ్మకు, అవ్వకు, నాయినకు సరిపోతాయనుకున్నాను. వచ్చేసరికి ఊరు ఊరంతా కాచుకుని ఉంది.

"పెట్టెపొయ్యి యాడికెల్లి తెస్తవు?" అంది అమ్మ, డబ్బా మూత తీసి ఓట్స్‌ను వేళ్ళతో నలిపి చూస్తూ. "గీ డబ్బడు పిండి ఎందరికి సరిపోతది? ఊకె పాయసం వండుదాం. మీ నాయినకు నేను చెప్త."

నేను ఒప్పుకోలేదు. ఆ సాయంత్రం అరుగు మీద కూర్చుని ఆలోచించాను. డాక్టరమ్మ ఓట్స్‌ను వాళ్ళ జొన్న అంది. అలాంటప్పుడు మా జొన్న ఓట్స్ పని చెయ్యదా? జొన్న పేలాలు వేయించి, ఇసుర్రాయిలో పలుకులుగా విసిరి ఓట్స్‌లో కలిపితే డబ్బా నాలుగింతలవుతుంది. పల్లీలు, నువ్వులు ఇంట్లోనే ఉన్నాయి. బర్రె పాడి ఉంది కనుక వెన్నకు కొదువ లేదు. ఓవెన్ చేసే పని ఏమిటి? కిందా పైనా ఒకేలా వేడి తగిలించడం. వెడల్పాటి ఇనుప మూకుడులో ఇసుక పోసి, దాని మీద ఇత్తడి పళ్ళెం పెట్టి, పైన ఇంకో ఇనుప మూకుడు బోర్లించి, దాని మీద నిప్పులు పోస్తే?

మరునాడు పొద్దున్నే మొదలుపెట్టాం. పేలాలు నేను వేయించాను, అమ్మ విసిరింది. బెల్లం, వెన్న కరుగుతుంటే అమ్మకు చెయ్యి ఆగలేదు.

"పాకం రావాలె గద?"

"వద్దే అమ్మా, కరిగితే చాలు. పాకం పడితే పేలాల ముద్దలైతయి. ఇది వేడికే గట్టిపడాలె."

"నాకేం ఎరుక తల్లీ, నువ్వు చెప్పినట్టే కానీ" అని గరిటె నాకిచ్చింది. మా అమ్మ తన వంటింట్లో గరిటె ఇంకొకరి చేతికి ఇవ్వగా నేను చూడడం అదే మొదలు.

మొదటి పళ్ళెం చెడిపోయింది. పైన తుమ్మకట్టె నిప్పులు పోశాం. వెన్న వాసన, బెల్లం వాసన ఒకదాని వెంట ఒకటి పరుగెత్తుకొచ్చాయి. మూకుడు ఎత్తి చూస్తే పైన నల్లగా మాడి ఉంది, అడుగున తెల్లగా పచ్చిపిండి. నాకు ఏడుపొచ్చినంత పనైంది. అమ్మ మాడిన పొర గీకి కోళ్ళకు వేసి, నడిమి ముక్క నోట్లో వేసుకుంది. చాలాసేపు నమిలింది.

"రుచి మంచిగనె ఉన్నది. మనం పెట్టిన నిప్పే మంచిగ లేదు" అంది.

ఈసారి తుమ్మ నిప్పులు అడుగుకు తోశాం. పైన పిడకల నిప్పు, అదీ బూడిద కప్పి పోశాం. నేను మూకుడు పక్కన పీట వేసుకుని కూర్చున్నాను. అమ్మ మాట్లాడబోతే చెయ్యి అడ్డం పెట్టాను. వెన్న. బెల్లం. కొంచెం ఆగాక ఆ మూడో వాసన వచ్చింది. డాక్టరమ్మ వంటగదిలో వచ్చినదానికన్నా ఘాటుగా ఉంది. నువ్వులు, జొన్నలు కలిసినందుకేమో. అమ్మ కూడా ముక్కు ఎగబీల్చి, "అయినట్టుంది కదనే?" అంది. అవును, సరిగ్గా అప్పుడే అయింది. మూకుడు ఎత్తితే పళ్ళెం నిండా బంగారు రంగు.

చాక్లెట్ ఒక్క దిమ్మే. దాన్ని అన్ని పళ్ళేలకూ సర్దాలి. గిన్నెలో వేడినీళ్ళ మీద కరిగించి, గోడకు సున్నం పూసినంత పలచగా పూశాను. చలికాలం ఇంకా పోలేదు. నీళ్ళ కుండల కింది తడి ఇసుక మీద పళ్ళేలు పెట్టి తడిగుడ్డ కప్పితే, కాసేపటికి గట్టిపడి నిగనిగలాడింది. నాయిన మూడుసార్లు వచ్చి గుడ్డ ఎత్తి చూసి పోయాడు.

"ముట్టకు" అన్నాను.

"ముట్ట బిడ్డా, సూస్తున్న అంతే" అన్నాడు. అన్నాడే గాని ఒక మూల వేలిముద్ర పడి ఉంది.

ఆ మరునాడే బొచ్చు కత్తిరింపు. అంతకుముందు రోజే గొర్రెలను వాగులో కడిగి ఆరబెట్టారు. పొద్దెక్కేసరికి దొడ్డిలో వేపచెట్టు నీడన మగవాళ్ళు వరసగా కూర్చున్నారు. గొర్రె కాళ్ళు కట్టి ఒళ్ళో వేసుకుని, పెద్ద ఇనుప కత్తెరలతో పొట్ట కింద నుంచి మొదలుపెట్టి వీపు మీదికి వస్తారు. నల్ల ఉన్ని గొంగడి పొరలా ఒక్కటిగా విడివడి వస్తుంది. కత్తిరించిన గొర్రె లేచి ఒళ్ళు విదిలించుకుని, సగానికి సగం చిక్కిపోయినట్టు కనిపిస్తూ పరుగెత్తుతుంది. ఆడవాళ్ళం ఉన్ని ఏరి గంపల్లో వేస్తాం. ఆ వాసన, ఆ కత్తెరల చప్పుడు, ఆ మోటు పాటలు నాకు పుట్టినప్పటి నుంచీ తెలుసు. కానీ ఆ రోజు నా చేతులు ఉన్ని మీద ఉన్నా మనసు పళ్ళేల మీదే ఉంది.

మధ్యాహ్నం అందరూ తిన్నారు. చేతులు కడుక్కున్నారు. అప్పుడు నాయిన, "బిడ్డా, పట్కరా" అన్నాడు.

పళ్ళెం తీసుకుని నేను ముందు కులపెద్ద దగ్గరికి వెళ్ళాను. మర్యాద అది. ఆయన పళ్ళెం వైపు చూశాడు గాని చెయ్యి చాపలేదు.

"గిది దొరసాని ఇంట్ల వండిందా?" అని అడిగాడు, నన్ను కాదు, నాయినను.

"కాదు పెద్దయ్యా. మా ఇంట్లనే, మా పొయ్యి మీద."

"వండిన చేతులు మాత్రం దవాఖాన చేతులు. ఆడ ఎవలెవలిని ముట్టుకుంటరో, ఏమేం తింటరో మనకెరుకనా? పిల్ల మనదిగనె ఉన్నదా, వాళ్ళల్ల కలిసిందా? ముందు గది చెప్పు."

నాయిన నా వైపు చూశాడు. నా చేతిలో పళ్ళెం బరువెక్కింది. అయినా నేను వెనక్కి తగ్గలేదు.

"తాతా, నన్నడుగు, నేను చెప్త" అన్నాను. "దీంట్ల మన జొన్నలున్నయి, మన బెల్లం, మన బర్రె వెన్న, మన పల్లీలు. డాక్టరమ్మ ఇచ్చిన గింజలు, పైన గీ నల్లటిది అంతే. ఇగ చేతులంటవా, కాన్పులు చేసిన చేతులే. చేసినాక సబ్బుతోని కడుగుత. నేను మన బీరప్ప దేవునికే మొక్కుత. నన్నెవ్వరు దేంట్ల కలుపలేదు. నాయిన కాలు కాపాడినోళ్ళ దగ్గర పని నేర్చుకున్న, అంతే."

అంత మాట అందరి ముందూ అన్నందుకు నాకే ఆశ్చర్యం వేసింది. పెద్దాయన మీసం దువ్వుకుంటూ పక్కకు చూశాడు.

అప్పుడు మా అవ్వ లేచింది. ఉన్ని గంప పక్కన కూర్చుని ఉంది అంతవరకు. కర్ర పట్టుకుని, నెమ్మదిగా, అందరి మధ్య నుంచి నడుచుకుంటూ వచ్చి నా ముందు నిలబడింది.

"ఒగటి ఇయ్యి" అంది.

నేను తీసి ఇచ్చాను. ఆమె చేతిలోకి తీసుకుంది. నా చేతి నుంచి.

"ఏం తమ్మీ" అంది పెద్దాయన వైపు తిరిగి. ఆయన కన్నా అవ్వ పెద్దది. "నా కొడుకు పిల్చిండు, నువ్వొచ్చినవ్. నా ఇంట్ల బువ్వ తిన్నవ్. ఇప్పుడు నా మనుమరాలు పెడుతుంటె కులం లెక్కలు అడుగుతున్నవ్. అంటు ఉంటె నా ఇంట్ల ఉంటది. దాన్ని నేను జూసుకుంట. నీకెందుకు ఫికరు?"

అని బిళ్ళ నోట్లో పెట్టుకుంది. ఆమెకు పళ్ళు లేవు. కొరకలేక చప్పరించడం మొదలుపెట్టింది. చాక్లెట్ కరిగి పెదవుల చుట్టూ అంటుకుంది. అంత మంది ఊపిరి బిగబట్టి ఒక ముసలావిడ చప్పరింపును చూస్తున్నారు. అమ్మ పరుగున వెళ్ళి గిన్నెలో వేడిపాలు తెచ్చింది. అవ్వ బిళ్ళను పాలలో ముంచి, మెత్తబడ్డాక మింగింది. పెదవులు కొంగుతో తుడుచుకుంది.

"ఇంగోటి ఇయ్యి" అంది.

ఎవరో ముందుగా నవ్వారు. ఆ నవ్వు దొడ్డంతా పాకింది. అందరూ చేతులు చాపారు. నేను వరసలో ప్రతి ఒక్కరి దగ్గరికీ వెళ్ళాను. చివరికి పెద్దాయన కూడా ఒకటి తీసుకున్నాడు. తిన్నాడు. మీసానికి అంటింది తుడుచుకున్నాడు.

"కింద మంచిగున్నది. పైన గా నల్లదే జర చేదున్నది" అన్నాడు.

"అలవాటైతది పెద్దయ్యా" అన్నాడు నాయిన. ఆ మాటకు అందరికన్నా గట్టిగా నవ్వింది కూడా ఆయనే. ఆ తర్వాత నాయిన దొడ్డి అంతా తిరుగుతూ, "ఎట్లున్నది? ఇంగోటి తింటవా?" అని అడుగుతూ ఉంటే చూడాలి. బిళ్ళలు తానే చేసినట్టు, ఆ వాసన పసిగట్టింది తానే అయినట్టు. పూర్తిగా ఖాళీ అయిన పళ్ళేలు నాకు తెచ్చి ఇస్తూ, "సూసినవా?" అన్నాడు.

ఆ సాయంత్రం అవ్వ తానుగా నన్ను పిలిచి నీళ్ళు అడిగింది. ఇచ్చాను. తాగింది. ఆ సంగతి మేము ఇద్దరమూ ఎప్పుడూ మాట్లాడుకోలేదు.

సెలవు అయిపోయి నేను బయలుదేరే రోజున కులపెద్ద మా గుమ్మం ముందు నిలబడి ఉన్నాడు. లోపలికి రాలేదు. "మా కోడలికి ఏడోనెల. కాళ్ళు వాస్తున్నయి, కండ్లు బైర్లు గమ్ముతున్నయంటది. జర వచ్చి సూస్తవా?" అన్నాడు. వెళ్ళి చూశాను. వాపు, తలనొప్పి, మసక చూపు. ఇవి కలిస్తే ఏమిటో నాకు నేర్పారు. ఇంట్లో ఉంచితే ప్రాణానికి ముప్పని, వెంటనే పాలమూరు రావాలని చెప్పాను. ఆయన నా ముఖం చూశాడు. వాదించలేదు. అదే బస్సులో కోడలిని, కొడుకును నా వెంట పంపించాడు.

డాక్టరమ్మకు నేను నాలుగు బిళ్ళలు దాచి తీసుకుపోయాను. ఆ అమ్మాయిని వార్డులో చేర్చుకున్నాక, వసారా మెట్ల మీద కూర్చుని తిన్నది. ఏమేం కలిపానో, నిప్పు ఎలా పెట్టానో మొత్తం చెప్పించుకుంది. "మా దిక్కు ఇంత మంచి జొన్న లేదు" అంది. వచ్చే ఆదివారం తనకు నేర్పమంది. నేర్పాను.

పెద్దాయన కోడలు చాలా వారాలు దవాఖానలోనే ఉండవలసి వచ్చింది. కాన్పు కష్టమైంది గాని తల్లీ బిడ్డా ఇద్దరూ దక్కారు. ఆడపిల్ల. ఆ పిల్లను మొదట పట్టుకున్నది నేనే.

మనవరాలిని చూడడానికి పెద్దాయన గొంగడి భుజాన వేసుకుని వచ్చాడు. నేను వేడినీళ్ళ తొట్టి పట్టుకుని వసారాలోకి వస్తున్నాను. తలుపు అవతల ఆయన గొంతు వినిపించి ఆగాను. ఏదో ఊరి నుంచి వచ్చిన ఒకాయన తన భార్యను ఈ నర్సులకు అప్పజెప్పడానికి జంకుతున్నట్టున్నాడు.

"భయపడకు" అంటున్నాడు పెద్దాయన. "గా నర్సమ్మ మా ఊరి పిల్లనే. మా కురుమోళ్ళ పిల్ల."

నేను తొట్టి సరిగ్గా పట్టుకుని, తలుపు తోసుకుని లోపలికి నడిచాను.